గంజి పెట్టిన జెర్సీ

పోయిన శనివారం మధ్యాహ్నం మా అమ్మాయి మేఘన పెరట్లో కుళాయి పక్కన గొంతుక్కూర్చుని తన రగ్బీ జెర్సీకి మట్టి పూస్తోంది. అంటడం కాదు, పూయడమే. వంటింటి కిటికీలోంచి కళ్లారా చూశాను. పూలమడిలో నీళ్లు పోసి, చేత్తో కలిపి, ముందు ఛాతీ మీద, తర్వాత భుజాల మీద, నాలుగు వేళ్లతో బారుగా రాస్తోంది. తెల్ల జెర్సీ. పొద్దున నేనే మడతపెట్టి సంచిలో సర్దాను. పద్నాలుగేళ్ల పిల్ల, ఈ మధ్యే క్లబ్బు టీములో చేరింది, అది దాని మొదటి మ్యాచ్. ఆ పూట నాకు ఫార్మసీలో డ్యూటీ, వాళ్ల నాన్నకు ఆఫీసులో ఏదో సిస్టమ్ అప్‌గ్రేడ్, ఇద్దరం వెళ్లలేకపోయాం. స్నేహితురాలి తల్లి కార్లో తెచ్చి దింపింది. "ఎలా జరిగిందే?" అని అడిగితే "గుడ్" అని ఒక్క ముక్క నా మొహాన పడేసి పెరట్లోకి పోయింది. అంత గుడ్ అయితే మరి ఈ పూతలెందుకు?

ఇంతలో మా ఆయన రవి వచ్చాడు. ఆయనది నల్లగొండ. పెరట్లోకి తొంగిచూసి, "అబ్బో, గింత బురదయిందా బిడ్డా! జబర్దస్త్ ఆడినట్టున్నవ్ పో!" అని మురిసిపోయి, ఫోను తీసి ఫోటో కొట్టి, హైదరాబాదులో ఉన్న వాళ్లన్నకు పంపించేశాడు కూడా. మేఘన నవ్వబోయి కిటికీ వైపు చూసింది. నేను చూశానని దానికి తెలిసిపోయింది. పిల్ల మొహం పాలిపోయింది. మామూలుగా అయితే నేను బట్టల విషయంలో రాక్షసిని. ఉతికిన బట్ట మీద చెయ్యి తుడుచుకుంటేనే ఇల్లెగిరిపోయేలా అరుస్తాను. కానీ ఆ రోజు అరవలేకపోయాను. ఎందుకంటే సరిగ్గా అలాంటి నాలుగు వేళ్ల చారల్ని, అలాంటి తెల్ల జెర్సీ మీద, ఇరవై ఏళ్ల పైచిలుకు కిందట ఇదే కాన్‌బెర్రాలో చూశాను. చూడటమేమిటి, నా చేతుల్తో శుభ్రంగా ఉతికి పారేశాను.

మేమిప్పుడు ఉంటున్న ఈ హారిసన్‌లో అప్పుడు ఇన్ని ఇళ్లు లేవు. బస్సు దిగి నాలుగడుగులు వేస్తే గడ్డి మైదానాలూ కంగారూలూ. నేను బాపట్ల నుంచి వచ్చి యూనిలో ఫార్మసీ చదువుతున్నాను. నోటీసు బోర్డులో కాగితం చూసి, డిక్సన్ అనే పేట దగ్గర ఒక పాత ఇటుక ఇంట్లో వెనక గది అద్దెకు తీసుకున్నాను. ఇంటాయన పేరు నెవిల్. అరవై ఏళ్ల ఇంగ్లీషాయన. ముందేడాదే భార్య మార్గరెట్ పోయింది. తలుపు తీసినప్పుడు చూసి జడుసుకున్నాననే చెప్పాలి. మెడ అనేదే లేదు, తల తిన్నగా భుజాల మీదే పెట్టినట్టుండేది. చెవులు రెండూ నలిగి ముద్దలై క్యాలీఫ్లవర్ పువ్వుల్లా ఉండేవి. నేను చెవులే చూస్తున్నానని గ్రహించి, "అవి పుట్టుకతో వచ్చినవి కావు లవ్, పాతికేళ్ల స్క్రమ్ముల ఫలితం" అన్నాడు. ఆయన యాస నాకు ఆరునెలలకు గాని పూర్తిగా పట్టుబడలేదు కనక, ఆయన మాటలన్నీ ఇక్కడ నా తెలుగులోనే చెబుతున్నాను. మొదట సర్ అన్నాను, చిరాకుపడ్డాడు. నెవ్ అనమన్నాడు, నాకు నోరు రాలేదు. చివరికి నెవ్ అంకుల్ దగ్గర ఇద్దరం రాజీపడ్డాం. నా పేరు సుజాత. ఆయనకు నేను సూ.

ఆ ఇంటి వాసన ఇప్పటికీ నా ముక్కులో ఉంది. కీళ్ల నొప్పుల తైలం, పాత ఉన్ని, చిప్స్ మీద చల్లుకునే వెనిగర్. నేను వెళ్లిన నెలకు వాటికి ఇంగువ కూడా తోడైంది. పొద్దున్నే ఆరింటికి ఆయన మోకాళ్లకు తైలం రుద్దుకుంటూ, ఒక్కో కీలునూ పేరుపెట్టి తిట్టేవాడు. తర్వాత టీ. తర్వాత టోస్టు. దాని మీద వెన్న రాసి మా కందిపొడి చల్లి ఇచ్చానొకసారి, అంతే, ఆ తర్వాత సీసా నా గదిలో ఉండటం మానేసింది. టోస్టు తింటూ కథలు చెప్పేవాడు. ఇంగ్లండ్‌లో నైరుతి మూలన కార్న్‌వాల్ ఆయనది. తండ్రి ప్లంబరు, కొడుకూ ప్లంబరే. ఆ రోజుల్లో రగ్బీ ఆడితే ఎవరూ జీతమిచ్చేవాళ్లు కాదట. వారమంతా పైపులు బిగించి, శనివారం వెళ్లి మెడ విరగ్గొట్టుకుని, సోమవారం మళ్లీ పైపుల దగ్గరికి. ఆయన ప్రాప్. అంటే రెండు జట్ల నుంచీ ఎనిమిదేసి మంది వంగి, తలలు గుచ్చి, ఎడ్లలా తోసుకుంటారే, అదే స్క్రమ్ము, దానికి ముందు వరసలో ఇటొకడూ అటొకడూ గుంజల్లా ఉంటారు. ఆ గుంజల్లో ఒకడన్నమాట. వాళ్ల జిల్లాకు ఏళ్ల తరబడి ఆడాడు. ఇంగ్లండ్ జట్టుకు ఎన్నోసార్లు ఎంపికయ్యాడు గానీ ఎప్పుడూ బెంచీ మీదకే, ఎవడికైనా దెబ్బ తగిలితే దిగడానికి. ఆ బెంచీకి తన కొలతలు తెలుసంటూ నవ్వేవాడు. ఒక్క టెస్టు ఆడాడు. సిడ్నీలో, జోరువానలో, ఆస్ట్రేలియా మీద. దానికి ఇచ్చిన కుచ్చు టోపీ హాల్లో అద్దాల బీరువాలో ఉండేది. దేశానికి ఆడినవాడికి నిజంగానే ఒక మఖమలు టోపీ ఇస్తారని అప్పుడే తెలిసింది నాకు. నా నెత్తిన పెట్టి చూపించాడు కూడా. ఆ ప్రయాణంలోనే మార్గరెట్‌ను చూశాడు, రెండేళ్లకు సామాను కట్టుకుని ఇక్కడికే వచ్చేశాడు, ఊళ్లో సగం కుళాయిలు తనే బిగించాడు, సాయంత్రాలు క్లబ్బు కుర్రాళ్లకు స్క్రమ్ము నేర్పాడు.

ఇక నా సంగతి. మా తాతయ్య బడిపంతులు. తెల్ల పంచె, తెల్ల చొక్కా. ఆయన వీధిలో నడుస్తుంటే పంచె ఫెళఫెళలాడేది. ఆ ఫెళఫెళ వెనక మా నాయనమ్మ ఉండేది. నానబెట్టడం ఒక రోజు, ఉతకడం ఒక రోజు, నీలిమందు ఎంత వెయ్యాలో చేతివేలి రంగు చూసి చెప్పేది. అన్నం వార్చిన గంజిని పల్చగా చేసి, గుడ్డలో వడగట్టి, బట్ట ముంచి, పిండీ పిండనట్టు పిండి, నీడన కాదు, ఎండన ఆరవెయ్యాలి. నన్ను పక్కన కూర్చోబెట్టుకుని, "మరక ఎక్కడ పడిందో చూస్తే మనిషి ఏం చేసొచ్చాడో తెలుస్తుందే" అనేది. తాతయ్య హోటల్లో పెసరట్టు తిన్న రోజు ఆవిడకు చొక్కా చెప్పేసేది పాపం. నేను ఆస్ట్రేలియా విమానం ఎక్కేటప్పుడు, చదువు సంగతి ఎవరూ అడగలేదు గానీ, ఆవిడ నా పెట్టెలో కుంకుడుకాయలూ నీలిమందు పొట్లమూ దూర్చింది.

ఒక గురువారం పొద్దున, నాకు క్లాసు లేదు. నెవ్ అంకుల్ గ్రౌండులో గీతలు గియ్యడానికి వెళ్లాడు. లాండ్రీ గదిలోకి వెళ్తే, తలుపుకున్న కొక్కేనికి ఒక తెల్ల జెర్సీ వేలాడుతోంది. తెలుపు అని ఊహించుకోవాల్సిందే. మట్టి అట్టలు కట్టి, బిగుసుకుపోయి ఉంది. నాకు గుండె తరుక్కుపోయింది. పాపం, భార్య పోయిన మనిషి, ఉతకడం చేతగాక తగిలించి వెళ్లాడు, నాకు చెప్పడానికి మొహమాటపడ్డాడు అనుకున్నాను. లాండ్రీ గదిలో మాసిన బట్ట తగిలిస్తే దాని అర్థం ఇంకేముంటుంది చెప్పండి? కొంగు బిగించలేదు గానీ, దుపట్టా బిగించాను. ముందు ఎండు మట్టి దులిపాను. చన్నీళ్లలో నానబెట్టాను. కుంకుడు నురుగు పట్టించి, సిమెంటు తొట్టి అంచు మీద వేసి రుద్దాను. రుద్దుతున్నప్పుడే ఒకటి కనిపించింది. ఛాతీ మీదా భుజాల మీదా నాలుగు వేళ్ల చారల్లో దళసరిగా మట్టి, కానీ మోచేతుల దగ్గర శుభ్రం. కింద పడినవాడికి ముందు మోచేతులే కదా నేలకు తగిలేది! వింత మనిషి, ఎలా పడ్డాడో అనుకున్నాను, అంతే. రెండు నీళ్లు మార్చాక మల్లెపువ్వు బయటపడింది, గుండెల మీద ఎర్ర గులాబీతో సహా. అది ఇంగ్లండ్ జట్టు గుర్తని అప్పటికి నాకు తెలీదు. నీలిమందు పెట్టి, గంజి పెట్టి, పెరట్లో గొడుగులా తిరిగే దండెం మీద ఆరేసి, నీళ్లు చిలకరించి ఇస్త్రీ చేశాను. కాలరు మా తాతయ్య చొక్కా కాలరులా నిటారుగా నిలబడింది. ఆయన మంచం మీద పరిచి, హాల్లో కూర్చుని మెచ్చుకోలు కోసం ఎదురు చూశాను.

మూడింటికి వచ్చి గదిలోకి వెళ్లాడు. తర్వాత "సూ" అని పిలిచాడు.

"దీని మీద మట్టి ఏమైంది?"

"మొత్తం పోయింది అంకుల్!" అన్నాను గర్వంగా. "కాలరు దగ్గర కాస్త మొండికేసింది గానీ, నేను వదిలితేగా!"

ఆయన మంచం మీద కూలబడ్డాడు. మంచం కిర్రుమంది. "అది నా టెస్టు జెర్సీ. ఆ మట్టి సిడ్నీ మట్టి. నా పెళ్లికంటే ముందునుంచీ దాన్ని ఉతకలేదు."

మెల్లగా మిగతాది చెప్పాడు. ప్రతి ఏడూ సీజన్లో మొదటి మ్యాచ్‌కు ముందు గురువారం, క్లబ్బు షెడ్డులో కుర్రాళ్లందరూ వరసగా నిలబడతారు. ఈయన ఆ జెర్సీ పట్టుకుని నడుస్తాడు. ఒక్కొక్కడూ ఆ ఎండిన మట్టిని అరచేత్తో తాకి, అప్పుడు తన జెర్సీ అందుకుంటాడు. అది వాళ్ల ఆనవాయితీ. అందుకే బీరువాలోంచి తీసి, గాలికి ఉంటుందని లాండ్రీ తలుపుకు తగిలించి వెళ్లాడు. కుర్రాళ్లు అయిదున్నరకు వస్తారు. ఇంక రెండున్నర గంటలు కూడా లేదు.

ఏడుపొచ్చేసింది నాకు. ఏడుస్తూనే బుర్ర పాదరసంలా పనిచేసింది. "అంకుల్, పెరట్లో మట్టి ఉంది. నేను కలిపి పూసేస్తాను. పొయ్యి దగ్గర పెడితే గంటలో ఆరిపోతుంది. అచ్చం అలాగే వస్తుంది, ఎక్కడెక్కడ ఉందో నాకు గుర్తే. ఒక్కడికి కూడా తెలీదు!"

ఆయన నా వైపు వింతగా చూశాడు. చూసి చూసి నవ్వడం మొదలెట్టాడు. భుజాలు కదిలాయి, మంచం కదిలింది, కళ్లనీళ్లు కారాయి. నాకు భయమేసింది, ముసలాయనకు మతి పోయిందేమోనని. "నేనూ అదే చేశాను సూ" అన్నాడు చివరికి. "అక్షరాలా అదే చేశాను."

ఆట ఇంక నాలుగే నిమిషాలుందనగా ఒకడి కాలు బెణికితే ఈయన్ను లోపలికి పంపారట. ఆ నాలుగు నిమిషాల్లో ఒక్క స్క్రమ్ము లేదు. బంతి ఒకసారి ఇటు వచ్చింది, ఇంకెవడో పట్టుకుపోయాడు. వానలో తడిశాడే గాని కింద పడింది లేదు. ఈల వేసేశారు. చుట్టూ అందరూ బురదలో పొర్లిన పందుల్లా ఉన్నారు, ఈయన చాకలి ఇంటినుంచి వచ్చినట్టున్నాడు. అక్కడ కార్న్‌వాల్‌లో తండ్రి రేడియో దగ్గర చెవి పెట్టుకుని ఉంటాడు. జెర్సీ చూపించమంటాడు. అందుకని స్టాండు వెనక్కి వెళ్లి, చూరు నీళ్లు పడి చిత్తడైన చోట గుప్పెడు తీసి పూసుకున్నాడు. తండ్రి ఆ జెర్సీని ఊరంతా తిప్పి చూపించాడు. అబద్ధం అక్కణ్నుంచి ఎదిగి ఎదిగి ఆనవాయితీ అయి కూర్చుంది. మార్గరెట్‌కు తప్ప ఎవరికీ చెప్పలేదట.

"అందుకేనా మోచేతులకు మట్టి లేదు?" అన్నాను ముక్కు ఎగబీల్చుకుంటూ.

ఆయన నవ్వు ఆగింది. "ఎంతోమంది ప్రాప్‌లు చూశారు దాన్ని. ఒక్కడూ పట్టుకోలేదు. మా అమ్మ పట్టుకుంది. జెర్సీ చేతులు తిప్పి మోచేతులు చూసింది, నా మొహం చూసింది, ఏమీ అనకుండా మడతపెట్టేసింది. నా పరువు కాపాడాననుకుంది పాపం. కానీ ఆ రోజు ఆమె ఒక్క మాట అని ఉంటే బాగుండేది సూ. నవ్వేసి ఉందును. అయిపోయేది."

కాసేపు జెర్సీని అలా ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. నేను మళ్లీ మట్టి మాట ఎత్తబోతే చెయ్యి అడ్డం పెట్టి, "ఒకసారి పూశాను, చాలు" అన్నాడు. లేచి, ఉన్న చొక్కా విప్పేసి జెర్సీ తొడుక్కున్నాడు. పొట్ట దగ్గర పట్టలేదు, కాలరు మాత్రం గవర్నరులా నిలబడింది. వాసన చూసి "ఇది అన్నం వాసన కదూ?" అన్నాడు. "పద, నువ్వూ రావాలి. సాక్షివి."

షెడ్డులో కుర్రాళ్లు మట్టి జెర్సీ కోసం చూస్తుంటే, తళతళలాడుతూ ఈయన లోపలికి వచ్చాడు. నేను తలుపు దగ్గర ఏ నిమిషాన పారిపోవాలా అని చూస్తున్నాను. నెవ్ అంకుల్ ఉపన్యాసమేమీ ఇవ్వలేదు. నాలుగు నిమిషాలు, స్క్రమ్ము లేదు, స్టాండు వెనక గుప్పెడు మట్టి, అని ఉన్నదున్నట్టు చెప్పేశాడు. చెబుతున్నంతసేపూ జెర్సీ అంచును పొట్ట మీదికి లాక్కుంటూనే ఉన్నాడు. ఎవరూ కదల్లేదు. అప్పుడు వెనక నుంచి, తలుపంత వెడల్పున్న టోంగా దీవుల కుర్రాడొకడు, "ఆ నాలుగు నిమిషాలూ ఏం చేశావ్ నెవ్?" అని అడిగాడు.

"పరిగెత్తాను మేట్. ఎక్కువగా తప్పు వైపు."

షెడ్డు పైకప్పు లేచిపోయింది. నవ్వులు, ఈలలు, కాళ్లతో నేల తన్నడం. ఎవరో ఆయన్ను బయటికి లాక్కెళ్లి నిజం బురదలో దొర్లిద్దామన్నారు. అందరూ ఓ అంటూ మీదికి వస్తే, ఆయన రెండు చేతులూ చాచి, "ముట్టుకోకండ్రా! ఇప్పుడే గంజి పెట్టించాను!" అని అరిచాడు. గంజి అన్న మాట ఆ సాయంత్రం దాకా ఆయనకు తెలియదు, దారిలో నేను నేర్పాను. సర్దుమణిగాక, శనివారం బెంచీ మీద కూర్చోబోయే వాళ్లెవరని అడిగి, వాళ్లను ముందుకు పిలిచాడు. ఎప్పుడూ చివర నిలబడేవాళ్లు వాళ్లు. ఆ రోజు కాలరు మొదట తాకింది వాళ్లే. ఒకడు తాకి, "ఇది అట్టముక్కలా ఉందేంటి?" అన్నాడు. నాకు గర్వంతో తల తిరిగింది.

ఆ తర్వాత నా చదువైంది, ఉద్యోగమొచ్చింది, రవి వచ్చాడు, అయినా నెవ్ అంకుల్ ఇక్కడున్నన్నాళ్లూ ప్రతి ఏడూ సీజన్ ముందు గంజి డ్యూటీ నాదే. బెంచీ వాళ్లే ముందు తాకే పద్ధతి అక్కడ ఇప్పటికీ నడుస్తోంది. మిగతా ఏడాదంతా జెర్సీ క్లబ్బు గోడమీద అద్దంలో ఉంటుంది. నెవ్ అంకుల్ మోకాళ్లు కాన్‌బెర్రా చలికి ఇక ఒప్పుకోమనడంతో, మేఘన చంటిపిల్లగా ఉన్నప్పుడే క్వీన్స్‌లాండ్ సముద్రపు ఒడ్డుకు మారిపోయాడు. ఉగాదికి ఫోను చేస్తాడు, మేఘనకు ఆయన ఆ ఫోనులో గొంతే. ఇప్పటి జెర్సీలకు గంజి నిలవదు. అంతా పాలియెస్టర్, మెషీన్లో వేస్తే గంటలో పొడిగా బయటికొస్తుంది, దేనికీ కాలరు లేదు. మా నాయనమ్మ చూస్తే ఇదేం బట్టే అని విసిరికొట్టేది. కానీ ఆవిడ రోజుల్లో ఆడపిల్ల మైదానంలో తలతో మనుషుల్ని తోసుకుంటూ పోవడం ఊహక్కూడా అందేది కాదు. ఇప్పుడు నా కూతురు శనివారం పొద్దున్నే లేచి మౌత్‌గార్డు ఎక్కడ అమ్మా అని వెతుక్కుంటోంది. కాలరు పోతే పోయింది, ఈ బేరం నాకు నచ్చింది.

సరే, పోయిన శనివారానికి వస్తాను. సాయంత్రం దాకా ఊరుకున్నాను. ఊరుకోవడం తేలికే, పిల్ల పరువు కాపాడినట్టే ఉంటుంది. కానీ ఆ కార్న్‌వాల్ తల్లి కూడా అలాగే మడతపెట్టేసింది కదా అనిపించి, ఇక ఉండబట్టలేదు. మేఘన గదిలోకి వెళ్లాను. జెర్సీ కుర్చీ మీద ఆరేసి ఉంది. జెర్సీ చేతులు తిప్పి చూసి, "మోచేతులు మర్చిపోయావే" అన్నాను.

"వాట్?"

"నిజంగా పడినవాళ్లకు ముందు మోచేతులకే అంటుతుంది. ఇంకోసారి పూసుకునేటప్పుడు గుర్తుపెట్టుకో."

నవ్వాలో ఏడవాలో తెలియక రెండూ చేసింది. "ఐ వాజ్ ఆన్ ద బెంచ్, అమ్మా. దే ఓన్లీ పుట్ మి ఆన్ ఎట్ ద ఎండ్. అండ్ డాడ్ సెంట్ ద ఫోటో టు ఎవ్రీవన్!" గుమ్మం దగ్గర వింటున్న రవి, "అరె, చెప్పొద్దా బిడ్డా ముందే! గా ఫోటో చూసి మా అన్న ఇంటర్నేషనల్ ప్లేయర్ అయిందా అంటున్నడు" అని నెత్తి గోక్కున్నాడు. ఇద్దర్నీ కూర్చోబెట్టి, కొక్కెం నుంచి కాలరు దాకా, ఈ కథంతా చెప్పాను. గంజి దగ్గర పొట్ట పట్టుకుని నవ్వింది. షెడ్డులో ఆయన జెర్సీ అంచు లాక్కుంటూ నిలబడ్డాడన్నప్పుడు నవ్వడం మానేసింది.

అంతా విని, మోకాళ్ల మీద గడ్డం పెట్టుకుని అడిగింది. "సో హౌ లాంగ్ డిడ్ హి ప్లే? ఇన్ హిజ్ హోల్ లైఫ్, ఫర్ ఇంగ్లండ్?"

"చెప్పాను కదే. నాలుగు నిమిషాలు."

కాసేపు ఏదో లెక్క వేసుకుంది. "ఐ గాట్ సిక్స్" అంది. లేచి, కుర్చీ మీది జెర్సీ చంకలో పెట్టుకుని లాండ్రీలోకి వెళ్లింది. కుళాయి తిప్పిన చప్పుడు వినిపించింది.